నలగని కోటు

ముప్పయ్యేళ్ళు ఆయన సినిమాలకి బట్టలు కుట్టాను.
కుట్టానంటే సగం మాటే.
కుట్టింది పాడుచెయ్యడమే నా అసలు పని.

పొందూరులో మా అమ్మ
వాలుగ చేప దవడతో దూది ఏకేది.
పోగు మీద ఒక్క నలక నిలిచినా ఒప్పుకునేది కాదు.
ఆవిడ కొడుకుని నేను,
కొత్త గుడ్డని డికాషన్లో ఉడకేసి
ఇటుకతో రుద్ది
వంశధార ఇసకలో పాతిపెట్టి
మూడోనాడు తవ్వి తీసేవాణ్ణి.
సనపల కూర్మారావు గారు దాన్ని ఎండకేసి చూసి
"దీనికింకా ఆకలెయ్యలేదోయ్" అనేవాడు.

అది కరువు సినిమా, మొదటిది.
డబ్బు పెట్టినాయన పాటలెక్కడన్నాడు.
"డొక్కలెండినోళ్ళు ఏటి పాడతారు బాబూ?"
అన్నాక డబ్బు పెట్టినాయన లేడు,
పలాస జీడితోటలో ఒక ఎకరం లేదు.
శ్రీకాకుళంలో మూడు రోజులాడింది.
నాలుగోనాడు హాలు గోడ మీద ఇంకెవరిదో మీసం.

రెండోది మిల్లు గేటు ముందర పేలిన తుపాకుల మీద.
ఒకే రంగు చొక్కాలు పదకొండు కుట్టమన్నాడు,
పదకొండూ పదకొండు చోట్ల చిరగాలి.
ఎందుకండీ, తెర మీద ఎవరు చూస్తారంటే
"తగిలినోడికి తెలుసు కదా, ఎక్కడ తగిలిందో."
కత్తెరంటే నా చేతిలోదే అనుకునేవాణ్ణి,
పెద్ద కత్తెరలు వేరే ఉంటాయని ఆ ఏడే తెలిసింది.
పదకొండులో నాలుగే మిగిలాయి.

ఇంకో ఎకరం. ఇంకో సినిమా.
అన్నం వడ్డిస్తూ వరహాలమ్మ గారు అడిగేది,
"ఈపాలి ఎవల్ని సంపుతన్నారు?"
ఆయన పులుసు కలుపుకుంటూ
"సచ్చిపోయినోళ్ళనే" అనేవాడు.

ఆఖరిది రంగం.
మా వైపు రంగమంటే నాటకాలాడే చోటు కాదు,
కళింగపట్నం రేవులో ఓడెక్కితే వచ్చే ఊరు.
బియ్యం మిల్లులకి, రేవు మూటలకి పోయిన గుంటలు,
బాంబులు పడ్డాక కొండలంట నడిచొచ్చిన జనం,
నడిచి రాని జనం.
నాలుగొందల మందికి గోచీలు, చీరముక్కలు.
ఆరు నెలలు చింపుతూనే ఉన్నాను,
నిద్రలో నా పంచె నేనే చింపుకున్నానని
మా ఇంటిది ఇప్పటికీ నవ్వుతుంది.

అన్నీ అయ్యాక ఒక కోటు అడిగాడు.
నల్లది. మేస్త్రీది.
ముందు బయానా చేతిలో పెట్టి
వేలిముద్ర వేయించుకుని
మనుషుల్ని ఓడెక్కించేవాడిది.
కొలతలెవరివండీ అన్నాను.
టేపు నా చేతికిచ్చి
ఆయనే చేతులు చాపి నిలబడ్డాడు.

కుట్టాను. అలవాటు కొద్దీ ఇటుక తీశాను.
గబుక్కున మణికట్టు పట్టుకున్నాడు.
"దీన్ని ముట్టకు. ఇది ఎప్పుడూ నలగలేదు.
మా ఇంట్లో పెట్టెలో ఉండేది, కలరా ఉండల వాసనతో.
పెళ్ళిళ్ళకి తొడుక్కునేవాడు మా తాత."

ఆ రాత్రి మిషను తొక్కలేకపోయాను.
ఇన్నాళ్ళూ అమ్మిన ఎకరాలు
ఎవరి బొటనవేళ్ళతో కొన్నవో
ఆయనకి మొదట్నుంచీ తెలుసు.

షూటింగు రేవులోనే. లైట్‌హౌస్ నీడ పొట్టిగా ఉంది.
కోటు తొడుక్కుని బల్ల వెనక కూర్చున్నాడు,
వేలిముద్రలకి వరస కట్టారు.
వరసలో బందరువానిపేట నుంచి కూలికొచ్చిన ముసలామె ఒకర్తి,
సూరాడ లచ్చమ్మట.
తండ్రి రంగమెళ్ళి తిరిగి రాలేదట, మాకు తర్వాత తెలిసింది.
వేలు సిరాలో ముంచలేదు.
వంగి, కోటు అంచు రెండు వేళ్ళతో నలిపి చూసి
"మంచి గుడ్డ బాబూ" అంది.
రాసిన మాట కాదది.
ఆయన కట్ అనలేదు.
కెమెరాలో రీలు అయిపోయేదాకా
ఎవరం కదల్లేదు.

ఆయన పోయి ఆరేళ్ళు.
కోటు తీసుకెళితే
వరహాలమ్మ గారు గుమ్మంలోంచే చెయ్యూపింది, వద్దని.
నా కొట్లో కొక్కేనికి వేలాడుతోంది.
పెళ్ళిబట్టల కోసం వచ్చే కుర్రాళ్ళు చూసి
"కొత్తదా తాతా? ఎవలికి కుట్నావు?" అంటారు.
చాలా పాతదిరా అంటాను.
నమ్మరు.
ఒక్క నలకైనా లేదు మరి.